కథలో రుచిని పంచే పరికరాన్ని నమ్మించేలా కల్పించడం ఎలా

ఒకరి నోటిలోని రుచిని ఇంకొకరి నోటికి చేరవేసే పరికరం విజ్ఞాన కల్పన రాసేవారిని ఎప్పుడూ ఊరిస్తుంది. కాని ఇలాంటి ఊహతో మొదలైన కథల్లో పరికరం చాలాసార్లు మొదటి పేజీలోనే తేలిపోతుంది. ఒక పాత్ర చెంచా నోట్లో పెట్టుకుంటుంది, ఎక్కడో దూరాన కూర్చున్న మరో పాత్రకు అదే రుచి ఉన్నదున్నట్టు తెలిసిపోతుంది, ఆ తరువాత కథ తన దారిన తాను సాగిపోతుంది. ఆ పరికరం ఏం చేయగలదో రచయిత నిర్ణయించుకున్నాడు గాని, ఏం చేయలేదో నిర్ణయించుకోలేదు. కల్పిత యంత్రం మీద పాఠకుడికి గురి కుదిర్చేవి దాని హద్దులే. రుచి విషయంలో ఆ హద్దులను కొత్తగా కనిపెట్టవలసిన పని కూడా లేదు. నాలుక, ముక్కు, నాడులు పనిచేసే తీరులోనే అవి ఉన్నాయి. వాటిని తెలుసుకుని రాస్తే పరికరం నమ్మదగినదిగా కనిపిస్తుంది, కథకు కావలసిన చిక్కుముళ్లు కూడా అక్కడినుంచే పుడతాయి.

వివరణ సులువుగా ఉండటానికి ఒక కథను ఉదాహరణగా పెట్టుకుందాం. జీవితమంతా వంటశాలలో గడిపిన ఒక వంటమాస్టరుకు జబ్బు చేసి వాసన తెలియకుండా పోయింది. ఆయన స్థానంలో ఇప్పుడు కూతురు వండుతోంది. ఆమె రుచి చూసిన ప్రతిదాన్నీ పరికరం తండ్రికి అందిస్తుంది, "ఇంకాస్త పులుపు పడాలమ్మా" అంటూ ఆయన సరిచేస్తాడు. ఈ ఇద్దరి మధ్య ఉండే పరికరం ఎలాంటిది?

మొదట చోటు, తరువాత రూపం

పరికరం చెంచాలా ఉండాలా, పళ్లసెట్టులా ఉండాలా అన్నది తరువాతి సంగతి. అది శరీరంలో ఎక్కడ జోక్యం చేసుకుంటుందో ముందు తేల్చుకోవాలి. అందుకు మూడు చోట్లు ఉన్నాయి: నోరు, నాడి, మెదడు.

మెదడులో ఇన్సులా అనే భాగం రుచి సంకేతాలను అందుకుంటుంది. నేరుగా అక్కడికే సంకేతం పంపే పరికరాన్ని ఎంచుకోవద్దని నా సలహా. అక్కడ ఏదైనా సాధ్యమేనని పాఠకుడు వెంటనే అనుకుంటాడు, ఏదైనా సాధ్యమయ్యే చోట కథకు పట్టు దొరకదు.

నాడిని ఎంచుకుంటే చాలా తక్కువమంది రచయితలు వాడుకున్న ఒక అవకాశం చేతికి వస్తుంది. నాలుక ముందరి మూడింట రెండు వంతుల నుంచి రుచిని మోసుకెళ్లే కార్డా టింపనీ అనే సన్నని నాడి ముఖనాడికి శాఖ. అది మెదడుకు వెళ్లే దారిలో మధ్యచెవి గుండా, కర్ణభేరికి ఆనుకున్నంత దగ్గరగా సాగుతుంది. చెవికి శస్త్రచికిత్స చేయించుకున్న కొందరికి నోరు లోహపు రుచిగా అనిపించడానికీ, నాలుకలో ఒక పక్క రుచి మందగించడానికీ కారణం ఇదే. కాబట్టి మీ పరికరాన్ని నోటికి బదులు చెవిలో అమర్చవచ్చు. దానివల్ల హద్దులు వాటంతట అవే ఏర్పడతాయి: ఒక చెవిలో పెట్టుకుంటే ఆ పక్క నాలుకకే రుచి తెలుస్తుంది, అదీ ముందు భాగానికే, ఎందుకంటే నాలుక వెనుక భాగపు రుచిని మోసేది వేరే నాడి, గొంతు దగ్గరి రుచిని మోసేది మరో నాడి. మన వంటమాస్టరు కుడి చెవిలో పరికరం పెట్టుకుని, నాలుక కుడి అంచున మాత్రమే మెరిసే పులుపును గమనిస్తూ తల కొద్దిగా పక్కకు వంచాడని రాస్తే, పాఠకుడు ఆ దృశ్యాన్ని మరిచిపోడు.

నోటిని ఎంచుకునేవారికి నిజ జీవితంలోనే బోలెడంత ఆధారం ఉంది. దాని సంగతి వివరంగా చూద్దాం.

నాలుక మీద విద్యుత్తు

18వ శతాబ్దం మధ్యలో యోహాన్ గేయోర్గ్ సుల్జర్ అనే స్విస్ తత్వవేత్త సీసపు ముక్కను, వెండి ముక్కను ఒకదానికొకటి తాకించి నాలుకకు ఆనించినప్పుడు విచిత్రమైన రుచి తగిలిందని రాశాడు. విడివిడిగా పెడితే ఆ రుచి లేదు. అది విద్యుత్తు వల్ల కలిగిన రుచి అని అప్పటికి ఎవరికీ తెలియదు. మన కాలంలో జపాన్‌లోని మెయిజీ విశ్వవిద్యాలయానికి చెందిన హోమెయి మియాషితా, హిరోమి నకామురా విద్యుత్తు పారే తినే పుల్లలతోను (చాప్‌స్టిక్స్), స్ట్రాలతోను ఆహారపు రుచిని మార్చే ప్రయోగాలు చేశారు. ముందు నవ్వించి తరువాత ఆలోచింపజేసే పరిశోధనలకు ఇచ్చే ఇగ్ నోబెల్ బహుమతి 2023లో ఆ పనికి వచ్చింది. మియాషితా ప్రయోగశాలతో కలిసి కిరిన్ అనే పానీయాల సంస్థ రూపొందించిన ఒక చెంచా 2024లో జపాన్‌లో అమ్మకానికి వచ్చింది. ఉప్పు తక్కువ వేసిన ఆహారంలోని సోడియం అయాన్లను (విద్యుదావేశం ఉన్న కణాలను) అది స్వల్పమైన విద్యుత్తుతో నాలుక వైపు మళ్లించి, ఉన్న ఉప్పునే ఎక్కువగా అనిపించేలా చేస్తుంది.

రచయిత ఇక్కడ గమనించవలసినది ఒకటుంది. ఉప్పదనం, పులుపు అయాన్ల వల్ల కలిగే రుచులు. ఉప్పులోని సోడియం అయాన్లు, పుల్లని పదార్థంలోని హైడ్రోజన్ అయాన్లు రుచిమొగ్గల్లోని కణాలలోకి నేరుగా ప్రవేశిస్తాయి, అయాన్లకు విద్యుదావేశం ఉంటుంది కాబట్టి విద్యుత్తు వాటిని అటూ ఇటూ లాగగలదు. తీపి, చేదు, ఉమామి (పుట్టగొడుగుల్లో, మాంసపు రసంలో తెలిసే కమ్మటి రుచి) అలాంటివి కావు. ఆ పదార్థపు అణువు తనకు సరిపడే గ్రాహకానికి, అంటే దాన్ని గుర్తుపట్టే కణభాగానికి, వెళ్లి అతుక్కోవాలి. చక్కెర అణువుకు ఆవేశం లేదు, విద్యుత్తు దాన్ని పిలిస్తే రాదు. అంటే కేవలం విద్యుత్తుతో నడిచే పరికరం ఉప్పును, పులుపును చక్కగా అందిస్తుంది, తీపి దగ్గర తడబడుతుంది. ఈ అసమానతను మీ పరికరంలో దాచకండి. కూతురు పంపిన పాయసం లాంటి మిఠాయి తండ్రికి దాదాపు ఖాళీగా చేరుతుంది, అందులో వేసిన చిటికెడు ఉప్పు మాత్రం స్పష్టంగా తెలుస్తుంది. ఆయన అడిగే మొదటి ప్రశ్న అక్కడినుంచే వస్తుంది.

తీపి కూడా కావాలనుకుంటే పరికరంలో పదార్థాలు నింపి ఉంచాలి. 2020లో మియాషితా చూపించిన నోరిమాకి సింథసైజర్ అనే పరికరపు దారి ఇందుకు బాగా పనికొస్తుంది. అందులో ఐదు రుచులకు ఐదు జెల్‌లు ఉంటాయి: తీపికి గ్లైసీన్, పులుపుకు సిట్రిక్ ఆమ్లం, ఉప్పుకు సోడియం క్లోరైడ్, చేదుకు మెగ్నీషియం క్లోరైడ్, ఉమామికి సోడియం గ్లూటమేట్. వాటిని నాలుకకు ఆనిస్తే ఐదు రుచులూ ఒకేసారి తెలుస్తాయి. విద్యుత్తు ఇచ్చినప్పుడు ఆ జెల్‌లోని అయాన్లు నాలుకకు దూరంగా జరిగి, ఆ రుచి తగ్గుతుంది. ఈ పరికరం రుచిని కలపదు, అన్నిటినీ ముందే పెట్టి అక్కరలేనివాటిని తగ్గిస్తూ పోతుంది. కథకుడికి ఇది చాలా విలువైన వివరం. మీ పరికరం పాడైపోయే క్షణంలో, విద్యుత్తు ఆగిపోయే క్షణంలో, దాన్ని పెట్టుకున్న మనిషికి నోరు ఖాళీ కాదు. ఐదు రుచులూ ఒక్కసారిగా విరుచుకుపడతాయి.

ఇంకో జాగ్రత్త. నాలుక కొనకు తీపి, అంచులకు పులుపు, వెనుకకు చేదు అని గీసిన పటాన్ని మీ పరికరపు నిర్మాణానికి ఆధారంగా తీసుకోవద్దు. 1901లో హేనిగ్ అనే జర్మన్ శాస్త్రవేత్త గుర్తించిన స్వల్పమైన తేడాలు తరువాతి పుస్తకాల్లో విడివిడి ప్రాంతాలుగా మారిపోయాయి. రుచిమొగ్గలున్న ప్రతిచోటా ఐదు రుచులూ తెలుస్తాయి. మన షడ్రుచుల్లోని కారం, వగరు ఈ ఐదింటిలోకి రావు. కారం నొప్పిని, వేడిని పసిగట్టే గ్రాహకం ద్వారా వేరే నాడి మీదుగా వెళుతుంది, వగరు నోరు పట్టేసినట్టుండే స్పర్శకు దగ్గరిది. కాబట్టి రుచిని మాత్రమే పంచే పరికరంలో కారం చేరకూడదు. మిరపకాయ కొరికి కూతురి కళ్లలో నీళ్లు తిరుగుతుంటే, అవతల తండ్రి ప్రశాంతంగా కూర్చుని ఉంటాడు.

ముక్కును మరవకండి

మనం రుచి అనుకునేదానిలో పెద్ద భాగం వాసన. దీన్ని మీరే పరీక్షించుకోండి. ముక్కును వేళ్లతో గట్టిగా మూసి, పండు రుచి గల చప్పరించే బిళ్లను నోట్లో వేసుకోండి. తీపి తెలుస్తుంది, కొంచెం పులుపు తెలుస్తుంది, అది నారింజో అనాసో మాత్రం తేలదు. ఇప్పుడు వేళ్లు తీసేయండి. ఊపిరి బయటికి వెళ్లిన మరుక్షణం పండు పేరు నోట్లోకి వచ్చేస్తుంది. నోటి వెనుకనుంచి ముక్కులోకి ఎక్కిన వాసనను మెదడు నోటిలోనిదే అని లెక్కవేయడం వల్ల ఇలా జరుగుతుంది. రాయడానికి ముందు ఈ పని తప్పక చేసి చూడండి, ఎందుకంటే మీ కథలో వంటమాస్టరు అనుభవించేది సరిగ్గా ఆ మొదటి సగమే.

ఆయనకు పోయింది వాసన. పరికరం అందించేది నాలుక రుచి. కూతురు ఎంత శ్రద్ధగా పంపినా ఆయనకు చేరేది తీపి, పులుపు, ఉప్పు, చేదు, ఉమామి అనే ఐదు గీతలే. వేయించిన దినుసు పరిమళం, నిమ్మతొక్క సువాసన ఆయనకు ఎన్నటికీ రావు. దీన్ని పరికరానికి లోపంగా భావించి మరమ్మతు చేయకండి. తండ్రి ఆ ఐదు గీతలను పట్టుకుని మిగిలినదాన్ని నలభై ఏళ్ల జ్ఞాపకంతో పూరించుకుంటాడు, కూతురు కొత్తగా కనిపెట్టిన వంటకం వచ్చినప్పుడు పూరించుకోవడానికి జ్ఞాపకం ఉండదు. కథ నడిచేది ఆ వంటకం దగ్గరే.

వాసనను కూడా పంచే పరికరం కావాలంటే పని పెద్దదవుతుంది. రుచికి ఐదు మూలరుచులు ఉన్నట్టు వాసనకు చిన్న పట్టిక లేదు. మనిషి ముక్కులో దాదాపు 400 రకాల వాసన గ్రాహకాలు పనిచేస్తాయి, ఒక్కో వాసన వాటిలో చాలావాటిని వేరువేరు మోతాదుల్లో కదిలిస్తుంది. కనుక కొన్ని డబ్బాల పరిమళాలు కలిపి సమస్త వాసనలనూ పుట్టిస్తుందని రాయకుండా, ముందుగా నింపిపెట్టిన కొన్నిటిని మాత్రమే అందిస్తుందని రాయడం సముచితం.

పంచుకోవడమంటే కొలబద్ద కుదుర్చుకోవడం

ఇక అసలైన చిక్కు. పరికరం కూతురి నాలుక మీది ఉప్పును సరిగ్గా కొలిచి, అంతే ఉప్పును తండ్రి నాలుక మీద పెట్టిందనుకోండి. ఇద్దరికీ ఒకే రుచి తెలిసినట్టేనా? కాదు.

1931లో ఆర్థర్ ఫాక్స్ అనే రసాయన శాస్త్రవేత్త ప్రయోగశాలలో పీటీసీ అనే పొడి గాలిలోకి లేచింది. పక్కనున్న సహోద్యోగి నోరు చేదుగా ఉందన్నాడు, ఫాక్స్‌కు మాత్రం ఏమీ తెలియలేదు. ఇద్దరూ నోట్లో వేసుకుని చూశారు. ఒకరికి చేదు, ఒకరికి ఏమీ లేదు. ఆ తేడాకు ముఖ్య కారణం చేదు గ్రాహకాన్ని తయారుచేసే టాస్2ఆర్38 అనే జన్యువులోని మార్పులని తరువాత తేలింది. మనిషికి చేదు గ్రాహకాలు దాదాపు 25 రకాలున్నాయి కాబట్టి ఇలాంటి తేడాలు ఈ ఒక్క పదార్థంతో ఆగవు. కొందరికి రుచులు మొత్తంగానే ఎంతో తీవ్రంగా తెలుస్తాయి. రుచి మీద పరిశోధన చేసిన లిండా బార్టోషుక్ వారికి సూపర్‌టేస్టర్లు అని పేరు పెట్టింది.

అందువల్ల పంపేది పదార్థమా, అనుభవమా అన్నది మీరు ముందే నిర్ణయించాలి. పదార్థాన్ని పంపే పరికరం అవతలి నాలుక మీద అవే అణువులను, అంతే మోతాదులో ఉంచుతుంది; అవతలి మనిషి దాన్ని తన నాలుకతోనే అనుభవిస్తాడు. ఇది నిజాయితీ గల పరికరం, కాని ఇది పంచుకోవడం కాదు, ఒకే గిన్నెలోంచి ఇద్దరు తినడం వంటిది. అనుభవాన్ని పంపే పరికరం కూతురికి ఎంత చేదుగా అనిపించిందో తెలుసుకుని, తండ్రికి అంతే చేదు కలిగించాలి. దీనికి ఇద్దరికీ సరిపోయే కొలబద్ద ఒకటి ఉండాలి.

"ఒకటి నుంచి పది వరకు ఎంత చేదు?" అని అడగడం చాలదు, ఎందుకంటే ఆమె పది ఆయన పది కాదు. బార్టోషుక్ ఈ సమస్యకు చూపిన పరిష్కారాన్ని మీ పరికరం అలాగే వాడుకోవచ్చు. రుచిని రుచితో కాకుండా వేరే ఇంద్రియంతో పోల్చమని అడగాలి: ఈ చేదు ఎంత పెద్ద శబ్దంతో సమానం? ఎంత వెలుగుతో సమానం? వినికిడిలో, చూపులో ఇద్దరికీ పెద్ద తేడా లేకపోతే ఆ శబ్దం ఇద్దరికీ ఉమ్మడి కొలత అవుతుంది. మీ కథలో పరికరాన్ని మొదటిసారి పెట్టుకునే దృశ్యం ఇదే కావాలి. చెంచా ముంచడానికి ముందు తండ్రీ కూతుళ్లు ఎదురెదురుగా కూర్చుని, నాలుక మీద చుక్క చుక్కగా ఉప్పునీళ్లు వేసుకుంటూ, ఒక గుండ్రటి మీటను తిప్పి శబ్దాన్ని పెంచుతూ తగ్గిస్తూ "ఇంత" అని చూపిస్తారు. ఆమె మీటను సగానికి మించి తిప్పిన చోట ఆయన కొద్దిగా మాత్రమే తిప్పుతాడు. కూతురు ఇన్నేళ్లుగా ఎందుకు ఉప్పు తక్కువ వేసేదో ఆయనకు మాట లేకుండానే అర్థమవుతుంది. సిద్ధాంతం చెప్పే పేరాకు బదులు ఈ దృశ్యం చాలు. ఇందులోనే మరో చిక్కు కూడా దాచవచ్చు: తండ్రికి వయసు వల్ల చెవి మందగించి ఉంటే కొలబద్దే తప్పుతుంది, ఆ తప్పు అన్ని వంటల్లోకీ పాకుతుంది.

పరికరం మోయలేనిది మరొకటి ఉంది. ఒక ఆహారం తిన్నాక వాంతులైతే, ఆ జబ్బుకు ఆహారం కారణం కాకపోయినా, దాని రుచి మీద ఏవగింపు స్థిరపడుతుంది. 1955లో జాన్ గార్సియా, ఆయన సహచరులు ఎలుకల మీద దీన్ని చూపించారు. తీపి నీళ్లు తాగాక వికిరణం వల్ల నలతపడ్డ ఎలుకలు ఆ తరువాత ఆ నీళ్లను మానుకున్నాయి. తీపి మారలేదు, ఎలుక మాత్రం మారిపోయింది. పంపేవారి ఇష్టం, అందుకునేవారి ఏవగింపు రెండూ ఒకే సంకేతానికి అతుక్కోగలవని ఇందువల్ల తెలుస్తుంది. ఇష్టాన్ని కూడా పంపే పరికరం రాయాలనుకుంటే రాయవచ్చు, కాని అప్పుడు అది ఆహారానికి సంబంధించిన పరికరంగా మిగలదు, మనుషుల మనసులను మార్చే పరికరం అవుతుంది. అది వేరే కథ.

రుచిని మార్చే మీట

పంచడంతో పాటు రుచిని మార్చే శక్తి కూడా మీ పరికరానికి ఇస్తుంటే, ప్రకృతిలో ఉన్న పద్ధతులను పరిశీలించండి. పొడపత్రి ఆకు నమిలిన తరువాత చక్కెర నోట్లో వేసుకుంటే తీపి తెలియదు; పళ్ల మధ్య ఇసుకలా కరకరలాడి కరిగిపోతుంది. ఆ ఆకులోని జిమ్నెమిక్ ఆమ్లాలు తీపి గ్రాహకాన్ని కొంతసేపు అడ్డుకుంటాయి, ఉప్పును, పులుపును ముట్టుకోవు. దీనికి ఎదురుగా మిరాకిల్ ఫ్రూట్ అనే పండులోని మిరాకులిన్ ఉంది. ఆ ప్రొటీన్ తీపి గ్రాహకానికి అంటుకుని ఊరుకుంటుంది, పుల్లనిది ఏదైనా తగిలినప్పుడే దాన్ని రగిలిస్తుంది. నిమ్మరసం తీపిగా మారుతుంది, మంచినీళ్లు మాత్రం మంచినీళ్లలాగే ఉంటాయి. ఇలాంటి షరతులున్న మార్పు, దేన్నైనా దేనిగానైనా మార్చే మీటకంటే ఎంతో ఆసక్తికరం. మీ మీటకు కూడా ఒక షరతు పెట్టండి.

శబ్దం, వేడి కూడా ఈ పనిలో పాలుపంచుకుంటాయి. కరకరలాడే చిప్స్ నములుతున్న మనిషికి ఆ శబ్దాన్నే హెడ్‌ఫోన్లలో పెంచి వినిపిస్తే అవి ఇంకా తాజాగా ఉన్నట్టు అనిపిస్తాయని 2004లో జాంపీని, స్పెన్స్ అనే పరిశోధకులు చూపించారు. చల్లబరచిన నాలుక కొనను వెచ్చబరిస్తే కొందరికి నోట్లో ఏమీ లేకుండానే తీపి తెలుస్తుందని 2000లో క్రూజ్, గ్రీన్ ప్రకటించారు. విద్యుత్తు చేయలేని తీపిని వేడితో కొద్దిగా తెప్పించే మార్గం ఇది. "కొందరికి" అన్న మాటను మాత్రం వదలకండి.

మార్చే శక్తికి ఒక ప్రమాదమూ ఉంది, దాన్ని కథలో తప్పక ఉంచమని కోరుతున్నాను. చేదు, అనుకోని పులుపు మనిషిని పాడైన, విషపూరితమైన ఆహారం నుంచి కాపాడే హెచ్చరికలు. వాటిని అణిచివేసే పరికరం పెట్టుకున్న వంటమనిషి విరిగిన పాలను గుర్తించలేడు. వాసన కూడా పోయినవాడైతే అతనికి మిగిలిన కాపలా కన్ను ఒక్కటే.

కాలాన్ని రాయండి

రుచి ఒక్క క్షణంలో మొత్తంగా దిగదు. ఉప్పు, పులుపు త్వరగా తగులుతాయి, చేదు ఆలస్యంగా వచ్చి చాలాసేపు నిలుస్తుంది. ఒకే రుచిని కదలకుండా పట్టి ఉంచితే నాలుక దానికి అలవాటుపడి పట్టించుకోవడం మానేస్తుంది. మన లాలాజలంలోనే ఉప్పు ఉన్నా మనకు తెలియనిది అందుకే. ఉప్పునీటికి అలవాటుపడిన నాలుకకు మామూలు నీళ్లు కూడా కాస్త పుల్లగానో చేదుగానో అనిపిస్తాయి. కాబట్టి తండ్రి పరికరాన్ని గంటల తరబడి పెట్టుకుని ఉండలేడు. మధ్యమధ్య తీసి, నోరు పుక్కిలించి, కాసేపు ఆగాలి. ఆ ఆగే సమయంలో జరిగే సంభాషణలకు కథలో చోటు దొరుకుతుంది.

పంపడానికి, అందడానికి మధ్య కొద్దిపాటి ఆలస్యం పెట్టండి. కూతురు మింగేసి గిన్నె పక్కన పెట్టాక తండ్రి ముఖం మారాలి.

రాసేటప్పుడు

"అద్భుతమైన రుచి", "మాటలకందని రుచి" వంటి మాటలు చిత్తుప్రతిలో ఎక్కడ కనిపించినా కొట్టేయండి. అక్కడ ఏ రుచి ముందు వచ్చింది, ఏది వెనుక వచ్చింది, ఏది చేరవలసి ఉండి చేరలేదు అన్నది రాయండి. చేరనిదాన్ని రాయడం ముఖ్యం. పాఠకుడు పరికరాన్ని నమ్మేది ఆ వాక్యాల దగ్గరే. శాస్త్ర వివరాల్లో కథకు పని కలిగించేవాటినే ఉంచి మిగిలినవి మీ నోటుపుస్తకంలో ఉంచుకోండి. చెవిలోంచి వెళ్లే నాడి పేరు పాత్రకు తెలియనక్కరలేదు, జలుబు చేసి చెవి దిబ్బడ పడ్డ రోజున పరికరం సరిగా పనిచేయడం లేదని తెలిస్తే చాలు.

చివరిగా చిత్తుప్రతిని మరొకసారి ముందేసుకుని, పరికరం కనిపించే ప్రతి దృశ్యం దగ్గర ఒకే ప్రశ్న వేసుకోండి: ఇక్కడ పంపినవారికి తెలిసినదానికీ, అందుకున్నవారికి తెలిసినదానికీ తేడా ఏమిటి? తేడా ఏమీ లేని దృశ్యం కనిపిస్తే, అందులో పరికరం అవసరం లేదు. ఆ ఇద్దరినీ ఒకే బల్ల దగ్గర కూర్చోబెట్టి ఆ దృశ్యాన్ని తిరిగి రాయండి.